ఎర్రమడుగు దారిలో మసక ఫోటోలు

అరచేతుల్లో గోరింటాకు ఇంకా పూర్తిగా పోలేదు. ఆ చేతులతోనే మహిమ భీమయ్య చొక్కా కాలరు పట్టుకుంది.

“చెప్పు. మా అన్నను ఎందుకు చంపినవ్?”

చింతలవాగు ఫారెస్ట్ సెక్షన్ ఆఫీసు వరండాలో, కిటికీ ఊచకు బేడీ తగిలించి కూర్చోబెట్టిన మనిషి తల ఎత్తలేదు. మెట్ల కింద అతని భార్య కొండమ్మ కొంగు నోట్లో కుక్కుకుని చూస్తోంది. వాకిట్లో పోలీసు జీపు నీడపట్టున ఆగి ఉంది. పోలీసుల భోజనాలు కాగానే భీమయ్యను కోర్టుకు తీసుకెళ్తారు. అక్కణ్ణుంచి ఖమ్మం జైలుకు. తర్వాత కేసు కదలదు.

మహిమకు ఖమ్మంలో చిన్న డిటెక్టివ్ ఆఫీసు ఉంది. పెళ్లయి నెల కూడా నిండలేదు. పెళ్లిలో పంక్తి పంక్తికీ తిరిగి వడ్డించినవాడు, చర్చి మెట్ల మీద ఆమె చీర కుచ్చిళ్లు సర్దినవాడు అన్న లూకా. ఇక్కడి బీట్ ఆఫీసరు. లీవు అయిపోయి డ్యూటీలో చేరిన వారానికే, ఈ ఆఫీసుకు కూతవేటు దూరంలోని ఎర్రమడుగులో బోర్లా తేలాడు. తల వెనక మొద్దు దెబ్బ. సమాధి దగ్గర పాస్టరు గారు క్షమాపణ గురించి చదివిన వాక్యం మహిమ చెవిదాకా వచ్చి వెనక్కి తిరిగిపోయింది. మట్టి వేస్తూ ఆమె దేవుణ్ణి ఒక్కటే అడిగింది: వాడెవడో నా చేతికియ్యి.

ఇచ్చాడనే అనుకుంది. కాలరు చేతిలోనే ఉంది.

“నేను సంపలేదమ్మా,” అన్నాడు భీమయ్య.

“పచ్చి వెదురు కొట్టినవని మా అన్న నీ గొడ్డలి గుంజుకున్నడా, లేదా?”

“అవ్, గుంజుకున్నడు. మల్ల తెల్లారి ఆయనే తెచ్చిచ్చిండు. ఎండిన బొంగులు తెచ్చుకోరా, పచ్చివి ముట్టకు అన్నడు.”

“ఆయన ఫోన్ ఎక్కడ పడేసినవ్?”

“ఏ ఫోనమ్మా? పోలీసోళ్లు గూడ గదే అడిగి కొట్టిండ్రు.”

“ఎర్రమడుగుకు ఎందుకు పోయినవ్?”

“బొంగులకే. పొద్దుగాల పోయిన. మోపు కట్టి ఈడ్చుకుంట మల్లి వస్తుంటే సారు ఎదురొచ్చిండు. జేబులకెల్లి లడ్డు తీసి సగం తుంచి నాకిచ్చిండు. మా చెల్లె పెండ్లిది, తిను అన్నడు.”

మహిమ పిడికిలి ఒక్క క్షణం వదులైంది. వెంటనే మరింత బిగిసింది. “ఆ లడ్డు పేరు ఎత్తకు. నాలుక కోస్త. ఆయన ఎన్కనే నువ్వు పోయినట్టు కెమెరాల పడ్డది.”

“కెమెరా నన్ను చూసిందట. నేను దాన్ని సూడలే. అదేం చెప్పిందో నాకేం ఎరుక?”

కొండమ్మ మెట్టెక్కి వచ్చింది. ఏడుపు లేదు ఆ గొంతులో.

“నీ అన్న చస్తే మేం గూడ ఏడ్చినం. మా గూడెంల ఆ పొద్దు పొయ్యి రాజెయ్యలే. నీకు పగ ఉంటే తీర్చుకో తల్లీ. గని సరిగ్గ చూసి తీర్చుకో.”

“బాగుంది, ఇక్కడ పంచాయితీ నడుస్తున్నది!” అంటూ చెయ్యి తుడుచుకుంటూ లోపలినుంచి వచ్చాడు సీఐ బలరాం. “ఏంది మేడం, కొత్త పెండ్లికూతురికి సినిమాలు, షికార్లు ఉండాలె గని, గీ అడవిల ఏం పని? మీ ఆయన ఊకుంటున్నడా?”

“మా ఆయనే పులిహోర చేసి డబ్బా కట్టి పంపిండు సార్. పల్లీలు కొంచెం మాడినయ్ గని బాగుంది. మీరు చేస్తరా మీ ఇంట్ల?”

కానిస్టేబులు నవ్వు ఆపుకోలేక అటు తిరిగాడు. బలరాం మొహం గంటు పెట్టుకున్నాడు. ముదిగొండ దొంగతనం కేసులో అతను పట్టుకొచ్చిన మనిషిని మహిమ కోర్టులో నిర్దోషిగా నిలబెట్టింది. ఆ సంగతి అతను మరిచిపోలేదు. ఆమె మరవనివ్వనూ లేదు.

“ఈసారి నా కేసు చెడగొట్టనీకి లేదు మేడం. చచ్చింది మీ అన్న.”

“చెడగొట్టనీకి రాలే సార్. ఈసారి మీ దిక్కే ఉన్న. వీడు మా అన్న ఎన్క నడిచిన ఫోటో ఒక్కసారి కడుపునిండ చూసుకొని పోత.”

అది అబద్ధం కాదు. ఆ ఫోటో చూడాలి. అందులోని నడకను, గొడ్డలిని, కళ్లను గుర్తుపెట్టుకోవాలి. ఎన్నేళ్లు జైలంటే అన్నేళ్లూ అది తలచుకుంటూ మంట ఆరకుండా చూసుకోవాలి. అంతకోసమే వచ్చింది.

కంప్యూటర్ గది ఇరుకు. ఆపరేటర్ పుష్పలత లేచి నిలబడి కుర్చీ జరిపింది. ఎర్రమడుగు దారిలో జంతువుల లెక్క కోసం చెట్టు మొదలుకు కట్టిన కెమెరా ఫోటోలవి. ముందు ఏది కదిలినా వరసగా మూడు ఫోటోలు తీస్తుంది. హత్య జరిగిన రోజువి ఒక ఫోల్డరులో విడిగా పెట్టి ఉన్నాయి. తెర నిండా పెద్ద పెద్ద బొమ్మలు పరుచుకున్నాయి.

“చూడుర్రి,” అన్నాడు బలరాం పెన్ను మొనతో తెరను తడుతూ. “కుడి దిక్కు మడుగు, ఎడమ దిక్కు గూడెం. మొదటి మూడు ఫోటోలల్ల మీ అన్న మడుగు దిక్కు పోతున్నడు. తర్వాత అడవి పందులు, కొండెంగలు. గివి ఆఖరివి. భీమయ్య గొడ్డలి భుజాన వేసుకొని మడుగు దిక్కు పోయిండు. తర్వాత బొంగుల మోపు ఈడ్చుకుంట మల్లి వచ్చిండు. మీ అన్న మల్లి రాలే. ఇంకేం కావాలె?”

మహిమకు వినబడలేదు. మొదటి ఫోటో దగ్గరే ఆగిపోయింది. అన్న టోపీ కొంచెం పక్కకు వాలింది. ఒక బుగ్గ ఉబ్బి ఉంది. ఏదో నములుతున్నాడు.

లడ్డు. సగం లడ్డు.

కళ్లు మసకబారాయి. కొంగుతో ఒత్తుకుని మళ్లీ చూసింది. ఈసారి చెల్లెలి కళ్లతో కాదు. అన్న బూట్ల కింద తడి మట్టిలో వంకరటింకర చార ఒకటి దారి పొడవునా ఉంది, ఎవరో పెద్ద చీపురుతో ఊడ్చినట్టు.

“పుష్పలతా, ఈ ఫోటోలు ఏ వరసల ఉన్నయ్?”

“నంబరు వరస మేడం. పేర్ల ప్రకారం.”

“టైం ప్రకారం ఎందుకు పెట్టలే?”

బలరాం నవ్వాడు. “ఫోటో కింద పట్టీ చూడుర్రి. ఎండ మండుతుంటే అర్ధరాత్రి అని చూపిస్తది. తారీఖు జనవరి పది. పిచ్చి గడియారం. దాన్ని నమ్ముకుంటే కేసు గంగల కలుస్తది. అందుకే నంబర్లు పట్టుకున్న.”

“లూకా సార్ ఉంటే గడియారం తప్పు పోకపోవు,” అంది పుష్పలత మెల్లగా. “మీ పెండ్లికి లీవుల పోయినప్పుడు వేరేటోళ్లు బ్యాటరీలు మార్చిండ్రు. టైం పెట్టుడు మర్చిపోయిండ్రు.”

తన పెళ్లి. ఆ మాట గుండెలో గుచ్చుకుంది గానీ, అప్పటికే మహిమ చెయ్యి మౌసు మీదికి పోయింది.

“ఆగిపోయిన గడియారం వేరు, తప్పు గడియారం వేరు సార్. తప్పు టైం చూపించేది గూడ ముందుకే నడుస్తది.”

పైన ‘వ్యూ’ నొక్కి ‘డీటెయిల్స్’ ఎంచుకుంది. అంతసేపు తెర నిండిన అడవి ఒక్కసారి ముడుచుకుపోయి సన్నటి వరసలుగా మారింది. ఒక్కో ఫోటోకు ఒక్కో గీత. పేరు, రకం, సైజు. ఫోటో తీసిన సమయం ఆ గళ్లల్లో లేదు. అడక్కపోతే చూపించదు. మహిమ పై వరసలోని గడుల పేర్ల మీద మౌసు కుడి మీట నొక్కి, కిందికి తెరుచుకున్న జాబితాలో ‘డేట్ టేకెన్’ పక్కన టిక్కు పెట్టింది. కొత్త గడి పుట్టుకొచ్చింది. దాని తల మీద ఒక్క నొక్కు నొక్కింది.

వరసలు గబగబా తారుమారయ్యాయి. అడుగున ఉన్న భీమయ్య ఎగిరి పైకెక్కాడు. మొదట ఉన్న లూకా అతని కిందికి దిగాడు.

“గదేంది?” అన్నాడు బలరాం ముందుకు వంగి.

“భీమయ్య ఆఖరి ఫోటో నంబరు 9999. దాని తర్వాతిది మా అన్నది. నంబరు 0001.”

ఆమెకు పోయిన ఆదివారం గుర్తొచ్చింది. భర్త జయరాజ్ పాత బండి మీద ఇల్లందు నుంచి వస్తుంటే మీటరులో తొమ్మిదులన్నీ అయిపోయి ఒక్కసారి సున్నాలు పడ్డాయి. బండి మళ్లీ పుట్టిందని అతను కేక పెట్టాడు. రోడ్డు పక్కనే ఆపి, బండికి పుట్టినరోజని ఇద్దరూ నోరు కాలేలా మిరపకాయ బజ్జీలు తిన్నారు. ఎంత పిచ్చి సంతోషం! అన్న వార్త వచ్చింది ఆ మర్నాడే.

“కెమెరా గూడ బండి మీటరు లెక్కనే సార్. నంబర్లు అయిపోతే మల్లి ఒకటి నుంచి మొదలుపెడ్తది. పేరు వరస పెడితే కంప్యూటర్ ఒకటిని ముందుకు తెస్తది. దానికేం తెలుసు, ఎవరు ముందు పోయిండ్రో?”

“ఇదంత కంప్యూటర్ గారడీ. నువ్వు వరస మార్చితే హత్య మారుతదా?”

“హత్య మారదు. హంతకుడు మారతడు.”

“కోర్టుల చెప్పు గీ కథలు!”

“కోర్టు ఎందుకు, మీకే చెప్త.” మహిమ అన్న ఫోటో తెరిచి, బూట్ల దగ్గర పెద్దది చేసింది. “ఈ చార చూడుర్రి. బొంగుల మోపు ఈడ్చిన చార. మీ వరస ప్రకారం మా అన్నే ముందు పోయిండు. మరి భీమయ్య మోపు ఈడ్వకముందే ఆ చార మా అన్న బూట్ల కిందికి ఎట్ల వచ్చింది సార్?”

బలరాం వంగి ఆ చార పొడవునా తెర మీద పెన్ను మొన జరిపాడు. పెన్ను జేబులో పెట్టుకోబోతే కింద పడింది. తీసుకోలేదు. 

“సరే. మరెవ్వరు? నీ వరసల గూడ మీ అన్న తర్వాత పందులు, కొండెంగలే ఉన్నయ్. పందికి బేడీలు వెయ్యమంటవా?” గొంతులో వెటకారం ఉంది గానీ బలం లేదు. “డీఎస్పీ సారుతో మాట్లాడాలె. ఇక్కడ సిగ్నల్ రాదు, నీళ్ల ట్యాంకు గుట్ట మీదికి పోయి వస్త. అప్పటిదాక భీమయ్యను కదపం.”

అతను వెళ్లాక మహిమ కుర్చీలో కూలబడింది. గెలిచినట్టు లేదు. ఇందాకటిదాకా పట్టుకోవడానికి ఒక మెడ ఉంది. ఇప్పుడు పగ ఉంది, మెడ లేదు. పళ్లు బిగించి మళ్లీ వరసల మీదికి చూపు దించింది. పేరు గడిలో ఒక్కో నంబరూ చదువుతూ పోయింది. అన్నవి మూడు: ఒకటి, రెండు, మూడు. దాని కింద ఏడు.

నాలుగు, ఐదు, ఆరు లేవు. పందుల ఫోటోల తర్వాత మరో మూడు నంబర్లు లేవు.

పెద్ద బొమ్మలుగా చూసినంతసేపూ పందులనూ కొండెంగలనూ చూశారు గానీ, ఆ సందులు ఎవరి కంటా పడలేదు.

“డిలీట్ చేసింది ఎవరు?”

పుష్పలత ద్వారం వైపు చూసింది. “నాకు ఇద్దరు పిల్లలు మేడం.”

“నాకు ఒక్కడే అన్న.”

   పుష్పలత చెయ్యి చాచి, తెర పైనున్న ‘వ్యూ’ను వేలితో చూపించి, చెయ్యి వెనక్కి లాక్కుంది. అంతే.

మహిమ ‘వ్యూ’ తెరిచింది. ‘షో’. అందులో అడుగున ‘హిడెన్ ఐటమ్స్’. టిక్కు పెట్టింది.

సందులు పూడుకున్నాయి. వరసల మధ్య ఆరు కొత్త గీతలు, మిగతావాటికంటే పలచగా, వెలిసిపోయిన సిరాతో రాసినట్టు. ఆమె మళ్లీ పెద్ద బొమ్మలు చేసింది. పొగమంచులోంచి మనిషి నడిచి వచ్చినట్టు ఒక రూపం తేలింది.

సెక్షన్ ఆఫీసరు వెంకటేశ్వరరావు. ఈ ఆఫీసుకు పెద్ద, అన్నకు పైఅధికారి.

మొదటి మూడింట్లో లూకా పోయిన దిక్కుకే పోతున్నాడు, చేతిలో ఇనుప గొట్టం. తర్వాతి మూడింట్లో తిరిగి వస్తున్నాడు. గొట్టం లేదు. మోకాళ్లదాకా ప్యాంటు తడిసి ఉంది. చేతిలో ఎర్ర కవరు ఫోను. ఆ కవరు తనే కొనిచ్చింది, పోయిన క్రిస్మస్‌కు.

“తీసెయ్యమన్నడు మేడం,” గుసగుసగా అంది పుష్పలత. “నా భుజం పక్కనే నిలబడ్డడు. డిలీట్ నొక్కనీకి చెయ్యి రాలే. దాచిపెట్టిన. తెర మీద కనబడకపోయేసరికి పోయినయ్ అనుకున్నడు. పోలీసులకు చెప్దామంటే, వాళ్లతోని రోజూ కలిసి చాయ్ తాగుతడు.”

పెళ్లిపందిట్లో అన్న చెవిలో చెప్పిన మాట మహిమకు ఇప్పుడు అర్థమైంది. ‘టేకు దుంగలు పోతున్నయ్ చెల్లే. బయటి దొంగ గాదు, ఇంటి దొంగ. అంత ఫోన్ల పెట్టిన. నీ పెండ్లి సంబరం కానియ్యి, చెప్త.’

ఆ ఇంటి దొంగే శవపేటికకు తల వైపు భుజం పట్టాడు. సమాధి దగ్గర ఆమె తల నిమిరి, ‘లూకా లేకుంటే ఏమైంది బిడ్డా, నేనున్న’ అన్నాడు. ఆ చెయ్యి తగిలిన చోట ఇప్పుడు నెత్తి మీద నిప్పు పెట్టినట్టయింది.

దేవుడు ఇచ్చాడు. ఈసారి సరైనవాణ్ణే ఇచ్చాడు.

వాకిట్లో మోటార్‌సైకిలు ఆగిన చప్పుడు.

“ఆయనే,” అంది పుష్పలత, కిటికీలోంచి తొంగిచూసి.

మహిమ ‘హిడెన్ ఐటమ్స్’ టిక్కు తీసేసింది. ఆరు బొమ్మలూ మాయమయ్యాయి. చటుక్కున ‘డీటెయిల్స్’ నొక్కి, తెర మీద అన్న ముఖం కూడా లేకుండా చేసింది. “నేను ఈయన్ను బయటికి తీస్కపోత. ఆ ఆరింటినీ పెన్‌డ్రైవుల వేసుకొని గుట్ట మీదికి ఉరుకు. సీఐ చేతిల పెట్టు.”

“ఆయన మంచోడేనా మేడం?”

“మొండోడు. నాకు పడడు. గని దొంగ గాదు.”

వెంకటేశ్వరరావు లోపలికి వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, నుదుట విభూతి, నెమ్మది నవ్వు. “అయ్యో బిడ్డా, ఎప్పుడొచ్చినవ్? నాకు చెప్తే బస్సు కాడికి బండి పంపకపోదునా? తిన్నవా?”

“తిన్న సార్.”

అతని చూపు తెర మీదికి పోయింది. నవ్వు అలాగే ఉంది గానీ కళ్లు ఆగిపోయాయి. “ఇదేంది, ఫోటోలు పోయి గీతలు వచ్చినయ్? ఎవరు ముట్టిండ్రు?”

పుష్పలత బల్ల మీది కాగితాలు సర్దడం మొదలుపెట్టింది.

“నేనే సార్,” అంది మహిమ. తల వంచింది. కన్నీళ్ల కోసం వెతుక్కోనక్కర లేకపోయింది. “పెద్దగ ఉంటే అన్న మొఖం చూడలేకపోయిన. చిన్నగ చేసిన.”

అతను ఆమెను చూశాడు. తెరను చూశాడు. ఖాళీ కుర్చీని చూశాడు. “పాపం. లే, నేను మల్ల పెద్దగ చేసి పెడ్త. అట్లనే పాతవి కొన్ని తీసెయ్యాలె, కంప్యూటర్ బరువైతున్నది.” కుర్చీ మీద చెయ్యి వేశాడు.

“సార్.” ఆమె ఆ చెయ్యికి అడ్డంగా లేచి నిలబడింది. “అన్న పడ్డ చోటు నేను ఇంతవరకు చూడలే. రోజూ కలల వస్తున్నది. సీఐ సార్ చూపెట్టనన్నడు. మీరు చూపిస్తరా? ఇప్పుడే. మల్లి ఖమ్మం పోవాలె, మా ఆయన ఎదురుచూస్తడు.”

వెంకటేశ్వరరావు చెయ్యి కుర్చీ మీదే ఉంది. వాకిట్లో సీఐ లేడు. కానిస్టేబులు జీపులో కునుకు తీస్తున్నాడు. అతని మొహంలో లెక్క ఒకటి మెల్లగా కుదరడం మహిమ చూసింది. తన లెక్కా అప్పుడే కుదిరింది.

“పోదాం పా బిడ్డా,” అన్నాడు, కుర్చీ వదిలేసి.

వరండాలో మహిమ ఒక్క క్షణం ఆగింది. సంచిలోంచి పులిహోర డబ్బా తీసి కొండమ్మ చేతిలో పెట్టింది. “మీ ఆయనకు తినిపియ్యి.” కొండమ్మ డబ్బాను చూసి, ఆమె మొహాన్ని చూసి, తర్వాత బండి స్టార్టు చేస్తున్న వెంకటేశ్వరరావును చూసింది.  ఆ చూపు అతని మీదనుంచి మళ్లీ కదల్లేదు.

మహిమ బండి వెనక కూర్చుంది. చేతికందేంత దూరంలో అతని మెడ. అన్నకు టోపీ అంచు కింద దెబ్బ తగిలిన చోటు ఇక్కడే ఉంటుంది.

రోడ్డు దిగి చెట్ల మధ్యకు మళ్లేముందు అతను తల కొంచెం వెనక్కి తిప్పాడు.

“కెమెరా చూస్తదని బెదరకు బిడ్డా. ఎంత ఏడ్వాలనుంటే అంత ఏడ్వు. నిన్ననే దాని బ్యాటరీలు పీకేసిన.”

మహిమ చేతి గాజులు ఒక్కటొక్కటే పైకి తోసుకుని, చప్పుడు కాకుండా బిగించుకుంది.

ఇవాళ ఆ దారిలో కెమెరా ఇతన్ని చూడదు. మంచిదే. తననూ చూడదు.

“పోనియ్యుర్రి సార్,” అంది.